శుక్రవారపు తీర్పులు – ఖరగ్‌పూర్ అప్పీళ్లు

శుక్రవారం నాడు జనరల్ షిఫ్టు ముగించుకొని మన టౌన్‌షిప్ వీధులలో ఇంటికి నడచి వెళ్లేవారికి ఒక అనుభవం తప్పక ఉండి ఉంటుంది. ఒక ఇంటి కిటికీ దాటుతుంటే “ప్రథమార్ధం బాగానే నడిచింది కాని...” అని ఒక కంఠం వినిపిస్తుంది. నాలుగు ఇళ్లు దాటేసరికి మరొక కంఠం “ద్వితీయార్ధంలోనే పట్టు సడలింది” అని ఆ వాక్యాన్ని పూర్తి చేస్తుంది. ఆనాటి ఉదయం విడుదలయిన చలనచిత్రంపై సాయంత్రానికల్లా టెలివిజన్‌లో ముగ్గురో నలుగురో కూర్చొని విచారణ జరిపి, వాదప్రతివాదాలు ముగించి, తీర్పు కూడ ప్రకటించేస్తారు. మనలో చాలామంది ఆ తీర్పును బట్టే ఆదివారం కుటుంబసమేతంగా థియేటరుకు వెళ్లడమా, లేక ఇంట్లోనే పకోడీలు వేయించుకొని కూర్చోవడమా అనేది నిర్ణయించుకుంటాం.

ఈ టెలివిజన్ విమర్శకులను గురించి వ్రాయవలసిందిగా సంపాదకవర్గం వారు కోరినప్పుడు మేము కొంత సంకోచించాం. మేము సాహిత్య విమర్శ చదువుకున్నవారం కాము; కొలతలతో, తనిఖీలతో బ్రతికే ఇంజనీరింగు ఉద్యోగం మాది. అయితే మా బాల్యమంతా ఖరగ్‌పూర్ రైల్వే కాలనీలో గడిచింది. తెలుగు సినిమా తొలి ఆట పడిన చోటికి వందల కిలోమీటర్ల దూరంలో ఉన్నవారికి సమీక్షకుని మాట ఎంత విలువైనదో ఆ ఊరిలో పెరిగిన మా వంటివారికి కొంత తెలుసు. కావున ఆ ఊరి నుండే మొదలుపెడతాం.

ఖరగ్‌పూర్ పేరు వినగానే మన యువ ఇంజనీర్లకు 1951లో హిజ్లీ నిర్బంధ శిబిరపు భవనంలో ప్రారంభమైన ఐ.ఐ.టి. గుర్తుకు వస్తుంది. మాకు మాత్రం కార్ఖానా గుర్తుకు వస్తుంది. ఇరవయ్యవ శతాబ్దపు తొలి సంవత్సరాలలో బెంగాల్ నాగపూర్ రైల్వే వారు అక్కడ వర్క్‌షాపు నెలకొల్పినప్పటి నుండి శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం ప్రాంతాల నుండి మనవారు ఖలాసీలుగా, ఫిట్టర్లుగా, వెల్డర్లుగా, గార్డులుగా తరలి వెళ్లారు. మథురాకాటి, నింపురా, ఓల్డ్ సెటిల్‌మెంట్, న్యూ సెటిల్‌మెంట్ క్వార్టర్లలో తెల్లవారుజామున ముగ్గు వేసే చప్పుడు వినిపించేది. గోల్‌బజారులో కూరగాయలు బేరమాడే ఆడవారు ఒక వాక్యంలో మూడు భాషలు కలిపి గెలిచేవారు. మా తండ్రిగారు టెక్కలి ప్రాంతం నుండి వెళ్లి 1958లో అక్కడ చేరారు. పదవీవిరమణ చేసే వరకు ఆయన నోట “వర్క్‌షాపు” అనే మాట మేము వినలేదు. ఎప్పుడూ “కార్ఖానా” యే.

ఆ రోజుల్లో సినిమా సమీక్ష అంటే స్వస్థలం వెళ్లి వచ్చిన మనిషి అని అర్థం. ఎవరయినా పాసు మీద వాల్తేరో, విజయనగరమో వెళ్లి మద్రాసు మెయిలులో తిరిగి వచ్చారంటే ఆ సాయంత్రం వారి క్వార్టరు వరండాలో పదిమంది చేరేవారు. ఊరి క్షేమసమాచారాలు, వర్షాలు, వరి ధర ముగిశాక “ఇంతకీ బొమ్మ ఏటి చూసినారు?” అనే ప్రశ్న వచ్చేది. చూసినవారు కథ అంతా చెప్పేవారు. కొందరు పాటలు పాడేవారు. కార్ఖానాలో మా తండ్రిగారితో పనిచేసే ఒక పెద్దాయన యుద్ధ సన్నివేశాలు సైతం టవలు తిప్పి చూపించేవారు. ఆ చిత్రం ఖరగ్‌పూర్‌లో ఉదయపు ఆటగా రావడానికి కొన్ని మాసాలు పట్టేది. వచ్చేసరికి మాకు కథ కంఠస్థమై ఉండేది. అయినా వెళ్లి చూసేవాళ్లం. అప్పుడు అసలు వివాదం మొదలయ్యేది. “నువ్వు చెప్పినంత లేదోయ్” అని ఆ మొదటి సమీక్షకుణ్ణి నిలదీసేవారు. పాపం, మర్నాడు ఉదయం అదే మనిషి పక్కన నిలబడి అదే పెట్టెకు రివెట్లు కొట్టవలసినవాడు గనుక ఆయన అతిశయోక్తికి ఒక హద్దు ఉండేది. తన మాటకు బాధ్యత వహించక తప్పని విమర్శకుడు అంటే మాకు ఇప్పటికీ ఆయనే గుర్తుకు వస్తారు.

వంగదేశంలో ఉండటం వలన మాకు మరొక లాభం కలిగింది. సినిమాను గురించి గంభీరంగా వాదించుకోవడం అక్కడివారికి అన్నపానాల వంటిది. సత్యజిత్ రాయ్, చిదానంద దాస్‌గుప్తా ప్రభృతులు 1947లోనే కలకత్తా ఫిల్మ్ సొసైటీ స్థాపించారు. 1965లో మృణాల్ సేన్ తీసిన ‘ఆకాశ్ కుసుమ్’ విడుదలయినప్పుడు ‘స్టేట్స్‌మన్’ దినపత్రిక ఉత్తరాల శీర్షికలో ఆ చిత్రపు సమకాలీనతను గురించి చెలరేగిన వాదం జులై నుండి సెప్టెంబరు వరకు సాగింది. ఒక పక్క సేన్, ఆ చిత్ర రచయిత ఆశిష్ బర్మన్. మరొక పక్క సాక్షాత్తు సత్యజిత్ రాయ్. మేము పుట్టక ముందటి ఆ వాదాన్ని మాకు పాఠశాలలో గణితం చెప్పిన బెంగాలీ మాస్టారు నిన్న జరిగినట్లు వర్ణించేవారు. ఇద్దరు పెద్దలు ఒక సినిమాను గురించి రెండు మాసాలు పత్రికలో తగవులాడుకున్నారంటే తెలుగు కుర్రవాళ్లమైన మాకు ఆశ్చర్యంగా ఉండేది. ఆ మృణాల్ సేనే 1977లో ప్రేమ్‌చంద్ కథ ‘కఫన్’ ఆధారంగా తెలుగులో ‘ఒక ఊరి కథ’ తీశారు. కాలనీలోని బెంగాలీలు ఆ చిత్రాన్ని గురించి మమ్మల్ని అడిగేవారు. మావాళ్లలో దానిని చూసినవారు ఒక్కరూ లేకపోవడం కొంత నామోషీగానే ఉండేది.

మన తెలుగులో సినిమా విమర్శ లేదని దీని అర్థం కాదు. ముళ్లపూడి వెంకటరమణగారు ఆంధ్రపత్రికలో పనిచేసిన కాలంలో వ్రాసిన సమీక్షలను నాటితరం పాఠకులు ఎంతో ఇష్టంగా తలచుకునేవారు. కొడవటిగంటి కుటుంబరావుగారు సినిమాపై వ్రాసిన వ్యాసాలలో ఆయన కథలలోని చురుకే కనిపిస్తుంది. గుడిపూడి శ్రీహరిగారు ఆంగ్లంలో ‘హిందూ’ పత్రికకు చిత్ర సమీక్షలు వ్రాస్తూనే తెలుగులో ‘హరివిల్లు’ శీర్షికతో దశాబ్దాల పాటు నవ్వించారు. అయితే పత్రికలో సమీక్షకుడు ఒంటరివాడు. ఆయన వ్రాస్తారు, మనం చదువుతాం. ఎదురు ప్రశ్న వేసేవారు ఆ పుటలో ఉండరు. టెలివిజన్ వచ్చి చేసిన మార్పు అదే. విమర్శకుని ఎదుట మరొక విమర్శకుణ్ణి కూర్చోబెట్టింది.

బాల్కనీలో ఇద్దరు

ఈ పద్ధతికి ఒరవడి పెట్టినవారు అమెరికాలోని షికాగో నగరానికి చెందిన ఇద్దరు పత్రికా విమర్శకులు. జీన్ సిస్కెల్ ‘షికాగో ట్రిబ్యూన్’కు, రోజర్ ఈబర్ట్ ‘షికాగో సన్ టైమ్స్’కు వ్రాసేవారు. ఒకే ఊరిలో పోటీ పత్రికలు. ఒకరంటే మరొకరికి పెద్దగా గిట్టేది కాదు. 1975లో అక్కడి ప్రజా టెలివిజన్ కేంద్రం ఒకటి వీరిద్దరినీ సినిమాహాలు బాల్కనీ వంటి సెట్టులో పక్కపక్కన కూర్చోబెట్టి, కొత్తగా విడుదలయిన చిత్రాలపై మాట్లాడించింది. తరువాత ఆ కార్యక్రమం పేర్లు, సంస్థలు మారుతూ దేశమంతటికీ ప్రసారమైంది. చిత్రం నచ్చితే బొటనవ్రేలు పైకి, నచ్చకపోతే క్రిందికి. ఇద్దరి వ్రేళ్లూ పైకి లేచాయంటే నిర్మాతలు ఆ మాటనే పోస్టరు మీద పెద్ద అక్షరాలతో అచ్చు వేసుకునేవారు. 1999లో సిస్కెల్ మరణించే వరకు ఆ జంట కొనసాగింది. ఈబర్ట్ క్యాన్సర్ చికిత్సలో 2006లో మాట కోల్పోయి కూడ 2013లో కన్నుమూసే వరకు వ్రాస్తూనే ఉన్నారు. అంతకు ముందే, 1972లో, బి.బి.సి. వారి చిత్ర సమీక్షా కార్యక్రమాన్ని బారీ నార్మన్ నిర్వహించడం మొదలుపెట్టారు. అయితే అది ఒక్కరి ప్రసంగం, ఇద్దరి వివాదం కాదు.

సిస్కెల్, ఈబర్ట్ పాటించిన ఒక నియమం తనిఖీ విభాగంలో పనిచేసిన మమ్మల్ని బాగా ఆకర్షించింది. కెమెరా ముందుకు వచ్చే వరకు తమ అభిప్రాయాన్ని ఒకరికొకరు చెప్పుకునేవారు కాదట. మన సంస్థలో ఒక కీలక వెల్డును ఇద్దరు ఇన్‌స్పెక్టర్లు విడివిడిగా పరీక్షించి, నివేదికలు విడివిడిగా ఇచ్చిన తరువాతనే పోల్చి చూస్తాం. ముందే మాట్లాడుకుంటే రెండవ తనిఖీకి విలువ లేదు. పెద్దవాడు చెప్పినదానికి చిన్నవాడు సంతకం పెడతాడు, అంతే. సిస్కెల్‌కు మరొక గీటురాయి ఉండేది. ఇదే నటీనటులు కలిసి భోజనం చేస్తుండగా తీసిన చిత్రం కంటే ఈ సినిమా ఆసక్తికరంగా ఉందా అని ఆయన ప్రశ్నించుకునేవారు. ఆ గీటురాయిని మన చిత్రాలకు ఉపయోగిస్తే ఫలితం ఎలా ఉంటుందో పాఠకుల ఊహకే వదిలేస్తున్నాం.

ఖరగ్‌పూర్‌కు దూరదర్శన్ కలకత్తా కేంద్రం ద్వారా వచ్చింది. ఆ కేంద్రం 1975 ఆగస్టులో ప్రారంభమైనా, మా కాలనీలో టెలివిజన్ పెట్టెలు కనిపించడం రంగుల ప్రసారం మొదలయిన 1982 తరువాతనే. పొడవాటి వెదురు గెడలకు యాంటెన్నాలు బిగించి హౌరా వైపు తిప్పేవాళ్లం. గాలి వీస్తే ఒకడు డాబా ఎక్కి గెడ తిప్పడం, మరొకడు కిటికీలోంచి “ఆ... ఆ... చాలు, చాలు!” అని అరవడం. ఆదివారం మధ్యాహ్నం ప్రాంతీయ భాషా చిత్రాలు వేసేవారు గాని తెలుగు వంతు ఎప్పటికో వచ్చేది. 1995లో జెమిని, ఈటీవీ ఉపగ్రహ ప్రసారాలు మొదలయ్యాక మా ఊరి కథ మారింది. కేబులు ఆపరేటరును బ్రతిమాలి, తెలుగు ఇళ్లవారంతా కలిసి సంతకాలు పెట్టి, ఒకటీ రెండు తెలుగు ఛానెళ్లు వేయించుకున్నాం. అప్పటికి మేము ఉద్యోగరీత్యా ఊరు విడిచాం. సెలవులకు వెళ్లినప్పుడల్లా తండ్రిగారి పక్కన కూర్చొని చూసేవాళ్లం.

కొత్త చిత్రాల పరిచయాలు, సమీక్షలు, చర్చలు ఆయనకు సినిమా కంటే ఎక్కువ ఇష్టం. ఎందుకని అడిగితే చాలాకాలం చెప్పలేదు. మాకు తరువాత అర్థమయింది. సినిమాలో మాటలు ముందుగా వ్రాసిపెట్టినవి. చర్చలో మాత్రం నలుగురు తెలుగువారు అప్పటికప్పుడు, తడుముకుంటూ, ఒకరి మాటకు ఒకరు అడ్డు వస్తూ తెలుగులో వాదించుకుంటారు. బయట రోజంతా హిందీ, బెంగాలీ మాట్లాడే మనిషికి, మనుమరాలు “తాతా, జల్దీ రా, ఖానా పెట్టేసింది నానమ్మ” అని పిలిచే ఇంట్లో, అది వాల్తేరు నుండి వచ్చిన మనిషి వరండాలో కూర్చొని మాట్లాడుతున్నట్లే ఉండేది.

అటువంటి ఒక సాయంత్రం మా ఇంట్లో చిన్న సంఘటన జరిగింది. 1990 దశకం చివరి సంవత్సరాలు. ఏదో ఒక ఛానెల్‌లో ఒక కొత్త చిత్రంపై చర్చ నడుస్తున్నది. ఆ ఛానెల్ పేరూ, చిత్రం పేరూ ఇక్కడ అనవసరం. అందులో హాస్యపాత్ర ఉత్తరాంధ్ర యాస మాట్లాడుతుంది. ఇంటి నౌకరు వేషం. ఆ పాత్ర వల్ల బాగా నవ్వు పుట్టిందని ఒకాయన మెచ్చుకున్నారు. రెండవ ఆయన, నవ్వు సంగతి సరే గాని ఆ మాటలు సగం మందికి అర్థం కావని, ఆ యాస కాస్త తగ్గించి ఉంటే బాగుండేదని అన్నారు. మూడవ ఆయన తల ఊపారు. చర్చ పాటల చిత్రీకరణ మీదికి వెళ్లిపోయింది.

మా తండ్రిగారు కొంతసేపు ఊరకున్నారు. తరువాత మా వైపు తిరిగి, “ఏటిరా బాబూ, మన మాట ఆళ్లకి నవ్వొస్తాది, మళ్లీ అర్దం కాదా? అర్దం కాకుండా ఎలా నవ్వినారు?” అని అడిగారు.

మేము ఇంజనీరింగు పట్టభద్రులం. ఉద్యోగంలో చేరాక మా యాసను మేమే తగ్గించుకున్నవాళ్లం. ఆయనకు సమాధానం చెప్పలేకపోయాం. రావిశాస్త్రిగారి కథలలో ఆ భాష సాహిత్యమై నిలిచిందని, కాళీపట్నం రామారావుగారి కథలకు ఆ నేలే ప్రాణమని చెప్పబోయాం. “కతలు కాదురా, ఆ పెట్టిలో మాట” అన్నారు. మర్నాడు ఒక పోస్టుకార్డు తెప్పించి, పెన్సిలుతో ముందు చిత్తు వ్రాసుకొని, ఆ ఛానెల్ వారికి ఉత్తరం వ్రాశారు. అందులో కోపం లేదు. మీరు సినిమాలో కెమెరా ఎలా ఉంది, పాట ఎలా ఉంది, ఫైటు ఎలా ఉంది అన్నీ తూచి చెబుతారు; ఒక ప్రాంతపు మాటను ఎప్పుడూ నౌకరుకే ఎందుకు ఇస్తారో కూడ ఒకసారి అడగండి, అని ఆ కార్డు సారాంశం. జవాబు రాలేదు. ఆయన కొన్ని వారాల పాటు పోస్టుమాన్ కోసం వరండాలో కూర్చున్న సంగతి మా అమ్మ తరువాత చెప్పింది.

ఆ చర్చలో కూర్చున్న పెద్దలపై మాకు ద్వేషం లేదు. వారి పని ఎంత కష్టమో కొంత ఊహించగలం. ఉదయం ఆట చూసి సాయంత్రానికి తీర్పు చెప్పాలి. తెర మీద చూపించే దృశ్యాలు నిర్మాత పంపినవే. మధ్యలో వచ్చే ప్రకటన కూడ కొన్నిసార్లు ఆ చిత్రానిదే. సరుకు సరఫరా చేసేవాడే పరీక్షకు నమూనా ఎంచి ఇచ్చినట్లు! మన కొనుగోలు విభాగం వారు వింటే ఉలిక్కిపడతారు. అటువంటి స్థితిలో నిక్కచ్చిగా మాట్లాడేవారు ఉన్నారంటే వారికి నమస్కరించాలి.

2.75 అను అంకె

ఉపగ్రహ ఛానెళ్లు పెరిగి, వార్తా ఛానెళ్లు వచ్చి, తరువాత ఇంటర్నెట్టు కూడ తోడయ్యాక, చర్చ సన్నబడి అంకె లావయింది. ఇప్పుడు చాలామంది సమీక్ష వినరు, “ఎంత వచ్చింది?” అని అడుగుతారు. అయిదుకు రెండుంబావు, రెండున్నర, రెండుంముప్పావు. మేము ఈ విషయంలో కొంచెం చాదస్తం ప్రదర్శించక తప్పదు. ఏ కొలత సాధనానికయినా ‘లీస్ట్ కౌంట్’ అని ఒకటి ఉంటుంది. స్టీలు స్కేలుతో అర మిల్లీమీటరు వరకు చెప్పవచ్చు. వెర్నియర్ కాలిపర్‌తో మిల్లీమీటరులో యాభయ్యో వంతు. మైక్రోమీటరుతో నూరో వంతు. స్కేలుతో కొలిచి మైక్రోమీటరు అంకె వేసినవాణ్ణి మన షాపు ఫ్లోరులో ఏమంటారో తెలుసు కదా! ఒక చిత్రం రెండున్నర కాదు, రెండుంముప్పావు అని తేల్చడానికి మనిషి మనస్సుకు అంత సూక్ష్మత ఉందా? అదే విమర్శకుడు అదే చిత్రాన్ని వారం తరువాత, కడుపునిండా భోజనం చేసి చూస్తే అదే అంకె వస్తుందా? కొలతలో ‘పునరావృత్తి’ లేకపోతే ఆ గేజిని మనం పక్కన పడేస్తాం. ఖరగ్‌పూర్ ప్లాట్‌ఫారం పొడవు 1072.5 మీటర్లు అని మేము చిన్నప్పుడు గర్వంగా చెప్పుకునేవాళ్లం. ప్రపంచంలోకెల్లా పొడవైన ప్లాట్‌ఫారం అన్న ఖ్యాతి 2013లో గోరఖ్‌పూర్‌కు, 2023లో హుబ్బళ్లికి వెళ్లిపోయింది. బాధపడ్డాం గాని వాదించలేదు. టేపు పట్టి కొలిచినదానితో వాదం లేదు. సినిమా అటువంటిది కాదు గనుకనే దానికి చర్చ కావాలి.

అంకెలు తప్పిన సందర్భాలు కూడ తక్కువేమీ కావు. ‘శంకరాభరణం’ 1980లో విడుదలయిన తొలి రోజుల్లో హాళ్లు పలుచగా ఉన్నాయన్నది అందరికీ తెలిసిన కథే. కథానాయకుడు శ్రీకాకుళం జిల్లాలో పుట్టిన డిప్యూటీ కలెక్టరు, జె.వి. సోమయాజులుగారు, తారాబలం లేదు. చూసినవారు చూడనివారికి చెప్పగా చెప్పగా అది నిలిచింది. ఆనాడు శుక్రవారం సాయంత్రమే టెలివిజన్‌లో తీర్పులు ఉండి ఉంటే ఆ చిత్రానికి మేలు జరిగేదా, కీడు జరిగేదా? మంచి విమర్శకుడు దొరికితే వారం ముందే హాళ్లు నిండేవని మా శ్రీమతి అంటుంది. జనం అంకె చూసి ఇంట్లో ఉండిపోయేవారని మేము అంటాం. ఈ వాదం మా ఇంట్లో ఇంకా తెగలేదు. 2010 అక్టోబరులో వచ్చిన ‘ఖలేజా’ థియేటర్లలో నిరాశపరచినా, టెలివిజన్‌లో పదే పదే వేయగా వేయగా జనం అక్కున చేర్చుకున్నారు. 2025 మే నెలలో మళ్లీ విడుదలయితే యువకులు పండుగ చేసుకున్నారు. తీర్పు చెప్పిన పెట్టే అప్పీలు కూడ విన్నదన్నమాట.

నిర్మాతలకు మాత్రం ఇంత ఓపిక లేదు. ఉండమని అనడం కూడ న్యాయం కాదేమో, డబ్బు పెట్టినవారు వారు. తొలి రోజుల సమీక్షలు సినిమాలను చంపుతున్నాయన్న ఫిర్యాదు కేరళ హైకోర్టుకు 2023లో చేరింది. న్యాయస్థానానికి సహాయకునిగా నియమితులైన న్యాయవాది 2024లో ఇచ్చిన నివేదికలో, విడుదలయిన 48 గంటల వరకు సమీక్షలు ఆపుకోవడం మంచిదని సూచించారు. అదే సంవత్సరం డిసెంబరులో తమిళ నిర్మాతల సంఘం ఒకటి మొదటి మూడు రోజులు సమీక్షలు నిలిపివేయాలని మద్రాసు హైకోర్టును ఆశ్రయించింది. న్యాయస్థానం వెంటనే అటువంటి ఆంక్ష విధించడానికి అంగీకరించలేదు. డబ్బు తీసుకొని పొగిడేవారు, డబ్బు ఇవ్వలేదని తిట్టేవారు ఉంటే వారిని పట్టుకోవడానికి వేరే మార్గాలు ఉన్నాయి. అందుకోసం మాట్లాడేవారందరి నోటికీ మూడు రోజులు తాళం వేస్తామనడం, ఒక బాయిలరు లీకయిందని ప్లాంటు మొత్తం షట్‌డౌన్ చేసినట్లుంటుందని మా అభిప్రాయం.

ఇక మళ్లీ ఖరగ్‌పూర్‌కు వస్తాం.

2018 సెప్టెంబరు. ఏటా 17వ తేదీన విశ్వకర్మ పూజ కార్ఖానాలో ఘనంగా జరుగుతుంది. ఆనాడు కుటుంబాలను లోపలికి రానిస్తారు. మా తండ్రిగారికి ఎనభై ఏళ్లు వచ్చాయి, ఒకసారి తన పాత షాపు చూపించమన్నారని సెలవు పెట్టి వెళ్లాం. ఆ నెల 7వ తేదీన ‘కేరాఫ్ కంచరపాలెం’ విడుదలయింది. దర్శకుడు వెంకటేశ్ మహాకు అదే మొదటి చిత్రం. విశాఖపట్నంలోని కంచరపాలెంలోనే తీశారు. నటులలో అత్యధికులు ఆ పేట మనుషులే, అంతకు మునుపు కెమెరా ముందుకు రానివారు. పెద్ద పేర్లు లేని ఆ చిత్రాన్ని జనం దృష్టికి తెచ్చినదానిలో విమర్శకుల వాటా చాలా పెద్దది. ఏ ఛానెల్ త్రిప్పినా, ఏ పత్రిక తెరిచినా దాని ప్రస్తావనే.

పూజ ముందు రోజు రాత్రి మా ఇంట్లో ఆ చర్చలలో ఒకటి చూస్తున్నాం. తండ్రిగారికి అప్పటికి వినికిడి బాగా తగ్గింది; కార్ఖానాలో నలభై ఏళ్లు సుత్తి చప్పుళ్లు విన్న చెవులు. కుర్చీ పెట్టెకు బారెడు దూరంలోకి లాక్కొని కూర్చున్నారు. చర్చలో ఒక యువతి, ఈ చిత్రంలో అందరూ ఒకే యాస మాట్లాడుతారు, కథానాయకుడూ అదే, ప్రేమించిన మనిషీ అదే, అది నవ్వించడానికి పెట్టింది కాదు, వాళ్లు మాట్లాడే తీరే అది, అని చెబుతోంది. తండ్రిగారు చేయి పైకెత్తి మమ్మల్ని ఆగమన్నారు. సౌండు పెంచమన్నారు. పెంచాం. ఇంకా పెంచమన్నారు. పక్క క్వార్టరు బెంగాలీ ఆయన ఏమయిందోనని గుమ్మం దగ్గరకు వచ్చి చూశారు. “కుచ్ నహీఁ దాదా, హమారా సినిమా కా బాత్ హై” అని తండ్రిగారే చెప్పారు.

“ఆ పిల్ల ఏ ఊరుదిరా?” అని అడిగారు తరువాత. తెలియదన్నాం. “నా కార్డు చదివినట్టుంది” అని నవ్వారు. ఆయన ఆ కార్డును ఇరవై ఏళ్లు మరచిపోలేదని మాకు ఆ క్షణం వరకు తెలియదు.

ఆ చిత్రం మేము ఉన్నన్ని రోజులలో ఖరగ్‌పూర్‌కు రాలేదు. కొన్ని మాసాల తరువాత మా అమ్మాయి తన కంప్యూటరులో దానిని తాతగారికి చూపించింది. ఆమె బెంగాలీ, హిందీ, ఆంగ్లం ధారాళంగా చదువుతుంది గాని తెలుగు అక్షరాలు టెలివిజన్ అడుగున పరుగెత్తే పంక్తులు చూసి నేర్చుకున్నది. అందుచేత ఒత్తులు తడబడతాయి. మధ్యలో ఆపి ఆపి, “తాతా, ఈ మాటకి అర్థం ఏటి?” అని అడిగేది. తాతగారు చెప్పేవారు. రెండు గంటల పైచిలుకు సినిమా చూడటానికి ఒక పూటంతా పట్టింది. 2020 డిసెంబరులో పశ్చిమ బెంగాల్ మంత్రివర్గం తెలుగుకు అధికార భాష హోదా ఇవ్వడానికి ఆమోదం తెలిపినప్పుడు కాలనీలో మిఠాయిలు పంచారట. ఫోనులో మా అమ్మాయి మాత్రం, ఇప్పుడు ఒత్తులు సరిగా నేర్చుకోక తప్పదేమో అని దిగులుపడింది.

సినిమా పూర్తయ్యాక ఆమె అలవాటు ప్రకారం, “తాతా, అయిదుకి ఎంత వేస్తారు?” అని అడిగింది. ఆయన అంకె చెప్పలేదు. కథ మధ్యలో కాస్త సాగిందన్నారు. విమర్శకులంతా మెచ్చుకున్న ఒక సన్నివేశం తనకు అంత నచ్చలేదన్నారు. ఎందుకో పది నిమిషాలు చెప్పారు. మనుమరాలు ఒప్పుకోలేదు. సగం తెలుగు, సగం హిందీలో ఎదురు వాదించింది. ఆయన కూడ గొంతు పెంచారు. భోజనానికి రమ్మని మా అమ్మ రెండుసార్లు పిలిచింది. మూడవసారి పిలిచేసరికి ఆయన, “ఉండవే, కోర్టు నడుస్తంది” అని కేక వేసి, మనుమరాలి వైపు తిరిగి, “ఎనక్కి తిప్పు, ఆ ఈది మళ్లీ చూపించు. ఎనకాల రైలు పట్టాలు కనపడతాయేటో సూద్దాం” అన్నారు.